ఇంద్రలాల్ రాయ్ ఎవరు? అంత చిన్న వయసులో ఎలా చనిపోయాడు?

చనిపోయేనాటికి మా నల్లగొండలో డిగ్రీ చదివే పిల్లల వయసే. 1898 డిసెంబరు 2న కలకత్తాలో పుట్టి, లండన్‌లో చదివి, మొదటి ప్రపంచ యుద్ధం నడుస్తుండగా 1917లో బ్రిటిష్ విమానదళంలో చేరాడు. ఆ డిసెంబరులోనే విమానం కూలి గాయపడ్డాడు. ఎగరడానికి పనికిరాడన్నారు డాక్టర్లు. పట్టుబట్టి మళ్లీ వచ్చాడు. 1918 జులైలో రెండు వారాల్లోపే శత్రు విమానాలపై 10 విజయాలు! కొన్ని తోటి పైలట్లతో కలిసి సాధించినవి. జులై 22న ఫ్రాన్స్ ఆకాశంలో జర్మన్ ఫోకర్ యుద్ధవిమానాలతో పోరాడుతూ నేలకొరిగాడు. 19 ఏళ్లు నిండి ఏడు నెలలే. డీఎఫ్‌సీ (డిస్టింగ్విష్డ్ ఫ్లయింగ్ క్రాస్) అనే బ్రిటిష్ శౌర్య పతకం ఆ తర్వాత వచ్చింది.

అన్నట్టు, అదే యుద్ధంలో నిజాం డబ్బుతో విమానాలు పొందిన ఒక బ్రిటిష్ స్క్వాడ్రన్‌కు (విమానాల దళానికి) హైదరాబాద్ పేరు పెట్టారు. అప్పట్లో మా నల్లగొండ, పాలమూరు రైతులు శిస్తు కట్టింది ఆ నిజాం సర్కారుకే.