పాటల టీచరైతే ఓడిపోయినట్టా? వియన్నా వెళ్తానంటున్న అమ్మాయి గురించి ఒక తల్లికి జవాబు

ప్రశ్న: మా అమ్మాయి ఇంటర్ సెకండియర్, ఎంపీసీ. ఎనిమిదో తరగతి నుంచి హైదరాబాద్‌లో వెస్టర్న్ వోకల్ నేర్చుకుంటోంది, లండన్ ట్రినిటీ కాలేజీ వాళ్ళ గ్రేడ్ పరీక్షలు కూడా రాస్తోంది. ఇప్పుడు ఇంజినీరింగ్ వద్దు, వియన్నా వెళ్ళి ఒపేరా, అంటే పాటలతోనే నడిచే నాటకాల్లో పాడటం, చదువుతానంటోంది. మమ్మల్ని ఒప్పించడానికి రోజా పపీర్ అనే ఆస్ట్రియా గాయని కథ చెప్పింది. ఆవిడ పదేళ్ళు పాడేసరికి గొంతు దెబ్బతిని, తర్వాత పాఠాలు చెప్పుకుందట. అది విన్నాక మాకు టెన్షన్ ఇంకా పెరిగింది. అంత పెద్ద గాయనే పాటల టీచరైపోతే మా పిల్ల గతేంటి? అక్కడ సింగింగ్ డిగ్రీ మంచిదా, టీచింగ్ డిగ్రీ మంచిదా? అమ్మాయి పాడిన వీడియో కూడా పంపుతున్నాను. - ఒక తల్లి, హైదరాబాద్

జవాబు:

అమ్మా, డిగ్రీల సంగతి తర్వాత చెప్తాను. వీణ నేర్చుకునే పిల్లల తల్లులు, కూచిపూడి పిల్లల తండ్రులు, మొన్నీమధ్య చిత్రకళ చదువుతానన్న ఒకబ్బాయి వాళ్ళ తాతగారు, అందరూ నన్ను అడిగేది ఇదే. ఇంత డబ్బు పోసి చదివిస్తే రేపు ఎక్కడో టీచరుగా ఉండిపోతుందేమో, చుట్టాలు అడిగితే ఏం చెప్పాలి, సంబంధాలు ఎలా వస్తాయి. మీరు రాసింది వియన్నా గురించే అయినా మీ గుండెల్లో ఉన్న దిగులు ఇదే. కాబట్టి ముందు దానికే జవాబు చెప్తాను.

మీ అమ్మాయి మీకు చెప్పిన కథ సగంలో ఆగిపోయింది, లేదా మీరు సగమే విన్నారు. రోజా పపీర్ వియన్నా పక్కనే ఉన్న బాడెన్‌లో పుట్టింది. మథిల్డే మార్కేజీ దగ్గర శిక్షణ తీసుకుంది. ఆ మార్కేజీ కూడా వేదిక మీద కంటే పాఠాలు చెప్పడంలోనే పేరు తెచ్చుకున్న మనిషి. రోజా 1881లో వియన్నా రాజాస్థాన ఒపేరాలో, అంటే ఇప్పటి స్టేట్ ఒపేరాలో, ఇటలీ స్వరకర్త వెర్ది రాసిన 'ఆయిడా'లో ఆమ్నెరిస్‌గా అడుగుపెట్టింది. మెజో సొప్రానో, అంటే స్త్రీ గొంతుల్లో మధ్యస్థాయిది. 1891కల్లా గొంతు సహకరించక వేదిక దిగాల్సివచ్చింది. ఇక్కడిదాకా విని మీరు భయపడ్డారు, అర్థం చేసుకోగలను.

తర్వాత ఏమైందో కూడా వినండి. 1893 నుంచి ఆవిడ వియన్నా కన్జర్వేటరీలో, అంటే అక్కడి సంగీత కళాశాలలో, పాఠాలు చెప్పింది. ఆవిడ దగ్గర నేర్చుకున్న అన్నా ఫాన్ మిల్డెన్‌బుర్గ్ 1895లో హాంబుర్గ్‌లో జర్మన్ స్వరకర్త వాగ్నర్ ఒపేరాలోని బ్రూన్‌హిల్డె పాత్రతో రంగప్రవేశం చేసింది, అప్పుడు ఆమెకు నిండా 23 ఏళ్ళు లేవు, ఆర్కెస్ట్రా నడిపింది పేరున్న స్వరకర్త గుస్తావ్ మాలర్. 1897లో మాలర్ వియన్నా ఒపేరాను నడిపించడానికి రావడం వెనుక తెరచాటున పనిచేసినవాళ్ళలో రోజా పపీర్ ఒకరు. అక్కడి అధికారుల్లో ఆమె మాటకు అంత విలువ ఉండేది. మరుసటి ఏడాది మిల్డెన్‌బుర్గ్ కూడా వియన్నా చేరింది. రోజా శిష్యురాళ్ళలో లూసీ వైడ్ట్, హెలెనె విల్డ్‌బ్రున్ కూడా అదే వియన్నాలో పెద్ద పాత్రలు పాడారు. మిల్డెన్‌బుర్గ్ కూడా తర్వాత మ్యూనిక్‌లో టీచరైంది. ఆమె దగ్గరకు వచ్చిన డెన్మార్క్ గాయకుడు లౌరిట్స్ మెల్కియర్ 1926 నుంచి 1950 దాకా న్యూయార్క్ మెట్రోపాలిటన్ ఒపేరాలో వాగ్నర్ పాత్రలకు పెట్టింది పేరయ్యాడు. అన్నట్టు, సాల్జ్‌బుర్గ్ సంగీత ఉత్సవానికి తర్వాతి కాలంలో అధ్యక్షుడైన బెర్న్‌హార్డ్ పౌమ్‌గార్ట్నర్ రోజా కొడుకే. ఇంత జరిగాక కూడా ఆవిడ జీవితాన్ని 'గొంతు పోయి పాఠాలు చెప్పుకుంది' అని ముగించేస్తే ఎలాగమ్మా?

కొంచెం గట్టిగానే చెప్తున్నాను, ఏమీ అనుకోకండి. మన ఇళ్ళలో సంగీతం గురువు ఫోటోకు దండ వేస్తాం, గురుపూర్ణిమ నాడు కాళ్ళకు దణ్ణం పెట్టిస్తాం, పిల్ల వచ్చి నేనూ ఆ పనే చేస్తానంటే మాత్రం ముఖం మాడ్చుకుంటాం. ఇంటికి ఎవరైనా వస్తే 'ఒక పాట పాడమ్మా' అనడానికి పనికొచ్చిన సంగీతం, దాన్నే నమ్ముకుని బతుకుతానంటే పనికిరాకుండా పోతుంది. మీరు అలా అన్నారని కాదు, కానీ 'పాటల టీచరైపోతే' అని మీరు రాసింది మీ అమ్మాయి చదివితే ఏమనుకుంటుందో ఒక్కసారి ఆలోచించండి. ఆ పిల్ల మీకు గొంతు పోయిన గాయని కథ ఎందుకు చెప్పింది? నెగ్గినవాళ్ళ కథలు దొరక్కనా? వేదిక పోయినా బతుకు ఉంటుందని తను ముందే ఆలోచించుకుంది. పదిహేడేళ్ళకే అంత దూరం చూసిన పిల్లను చూసి మీరు కాస్త ధైర్యం తెచ్చుకోవచ్చు.

ఇక వీడియో. మూడుసార్లు చూశాను, తర్వాత ఒక వోకల్ టీచరమ్మకు కూడా చూపించాను. గొంతు బాగుంది, శ్రుతి నిలబడుతోంది, వినాలనిపిస్తోంది. అయితే పైస్వరం వచ్చే ముందు తన భుజాలు లేస్తున్నాయి, స్వరం పట్టుకున్నంతసేపూ గడ్డం వణుకుతోంది, మెడ పక్కన నరం తాడులా బిగుసుకుంటోంది. పాట అయిపోగానే చెయ్యి గొంతు మీదకు వెళ్ళింది, చూడండి. తను పాడిన అరియా, అంటే ఒపేరాలో ఒక్కరే పాడే పాట, ఇటలీ స్వరకర్త పుచ్చీని రాసింది, పెద్ద ఆర్కెస్ట్రా మీదుగా వినిపించాల్సిన, పూర్తిగా పండిన గొంతుకు రాసిన పాట. పదిహేడేళ్ళ పిల్ల చేత అది పాడించడం మొలక మీద బండరాయి పెట్టడమే. చప్పట్లు వస్తాయి, అకాడమీ వాళ్ళ పేజీలో పెట్టుకోవడానికి వీడియో వస్తుంది, పిల్ల గొంతు మాత్రం అలసిపోతుంది. టీచరమ్మ కూడా ఇదే మాట అన్నారు. ఈ వయసులో పాత ఇటాలియన్ పాటలు, మోజార్ట్‌లో తేలికైనవి, షూబర్ట్ పాటలు చాలు అన్నారు.

నాకు అసలు అనుమానం వియన్నా మీద లేదు, ఇప్పుడు మన ఊళ్ళలో నడుస్తున్న ఈ ఫ్యాషన్ మీద ఉంది. పదమూడేళ్ళకు ఫలానా గ్రేడ్, పదిహేనేళ్ళకు ఎనిమిదో గ్రేడ్, గోడ మీద సర్టిఫికెట్ల వరుస, వేసవిలో యూరప్‌లో పేరున్నవాళ్ళు చెప్పే పది రోజుల మాస్టర్‌క్లాస్, అక్కడ పేరున్న గాయనితో ఒక ఫోటో, ఆ తర్వాత కన్సల్టెన్సీ వాడు చూపించే ఏదో ప్రైవేటు కాలేజీ. గ్రేడ్ పరీక్షలు చెడ్డవని అనను, చదువుకు ఒక క్రమం ఇస్తాయి. కానీ వియన్నాలో ప్రవేశపరీక్షలో కూర్చున్నవాళ్ళు సర్టిఫికెట్ల ఫైలు తెరిచి చూసి సీటివ్వరు, పిల్ల నోరు తెరిచి పాడితే వింటారు. ఆ గొంతుకు ఇంకా ఎదిగే చోటుందా, చెప్పింది పట్టుకుంటుందా అని చూస్తారు. ముందే అరిగిపోయిన గొంతు వాళ్ళకు వెంటనే తెలిసిపోతుంది. పది రోజుల మాస్టర్‌క్లాసులకు లక్షలు పోసిన తల్లిదండ్రులు నా దగ్గరకు వచ్చారు, ఆ పిల్లలకు మిగిలింది ఫోటోనే. అదే డబ్బుతో ఇక్కడ మంచి టీచర్ దగ్గర ఏడాది పాఠాలు, జర్మన్ క్లాసులు అయిపోయేవి. పెద్ద గాయకులంతా మంచి టీచర్లు అవుతారన్న నమ్మకం కూడా వదిలేయండి, సొంత గొంతు ఎలా పనిచేస్తుందో తెలిసినవాళ్ళకు పక్కవాళ్ళ గొంతు తెలియాలని లేదు. మార్కేజీ, పపీర్ లాంటివాళ్ళకు ఆ చెవి ఉంది కాబట్టే ఇన్నేళ్ళ తర్వాత కూడా వాళ్ళ గురించి మాట్లాడుకుంటున్నాం.

మీరడిగిన రెండు డిగ్రీలకు వద్దాం. రోజా పాఠాలు చెప్పిన కన్జర్వేటరీయే ఇప్పుడు వియన్నా సంగీత విశ్వవిద్యాలయం, ప్రభుత్వానిది. 1817లో సాలియేరి ఆధ్వర్యంలో పాటల బడిగా మొదలైంది. అక్కడ గానం ఒక డిగ్రీ, గానబోధన ఇంకో డిగ్రీ. బోధన డిగ్రీలో కూడా పాటే ప్రధానం, దానితోపాటు గొంతు నిర్మాణం, పిల్లలకూ పెద్దలకూ వేరువేరుగా ఎలా నేర్పాలి, నిజమైన విద్యార్థులకు పాఠం చెప్పి చూపించడం ఉంటాయి. ఆస్ట్రియాలో చాలా ఊళ్ళలో సంగీత పాఠశాల ఉంటుంది, అక్కడ ఉద్యోగానికి ఈ బోధన డిగ్రీ బాగా పనికొస్తుంది. గానం డిగ్రీ చేసినవాళ్ళు ఆడిషన్లు ఇచ్చుకుంటూ, కొత్త గాయకులకు శిక్షణ ఇచ్చే ఒపేరా స్టూడియోల్లో, తర్వాత గ్రాట్స్, లింట్స్, ఇన్స్‌బ్రుక్, క్లాగెన్‌ఫుర్ట్ లాంటి ఊళ్ళ థియేటర్లలో చేరతారు. నెలజీతం ఉంటుంది కానీ కాంట్రాక్టు సీజన్ల లెక్కన నడుస్తుంది, కొత్త డైరెక్టర్ వస్తే పాతవాళ్ళను పంపించేయడం మామూలే. ఒక సీటు కోసం చాలా దేశాల పిల్లలు వస్తారు. ఈ సంగతి దాచి మీకు ధైర్యం చెప్పడం నాకు ఇష్టం లేదు.

నన్నడిగితే రెండింటికీ అప్లై చేయించండి. ఏది ముందు వస్తే అందులో చేరొచ్చు, ఒకటి చేశాక రెండోదానికి వెళ్ళే వాళ్ళు ఉన్నారు. ఇంకా విడమరిచి పోల్చి చెప్పొచ్చు గానీ, పదిహేడేళ్ళ గొంతును ఇవాళ వినేసి ఇది వేదికకా పాఠానికా అని ఎవరూ తేల్చలేరు. ఒపేరా గొంతులు ఇరవైలు దాటుతుంటే కుదురుకుంటాయి, బరువైన గొంతులైతే ముప్పై దాకా కూడా. బీటెక్ అయిన స్నేహితురాలికి ఇరవై రెండేళ్ళకు ఆఫర్ లెటర్ వస్తే మీ అమ్మాయి అప్పటికి ఇంకా స్వరాలు సరిచేసుకుంటూ ఉంటుంది. ఆ నాలుగైదేళ్ళు మీరు 'ఇంకా ఎన్నాళ్ళు' అని అడగకుండా ఉండగలరా? ఈ సంగతి మీరూ మీవారూ ముందు కూర్చుని మాట్లాడుకోండి, పిల్లకంటే మీకే ఇది పెద్ద పరీక్ష.

డబ్బు గురించి మీరు అడగలేదు కానీ అదీ మనసులో ఉంటుంది. యూరోపియన్ యూనియన్ బయటి విద్యార్థులకు ఆస్ట్రియా ప్రభుత్వ విశ్వవిద్యాలయాల్లో ఫీజు సెమిస్టర్‌కు 726.72 యూరోలు, మన లెక్కలో 70 వేల చుట్టుపక్కల. ఇక్కడ మేనేజ్‌మెంట్ కోటాలో ఇంజినీరింగ్ సీటుకు కట్టేవాళ్ళకు ఇది కొత్త భారం కాదు. అసలు ఖర్చు ఇంటి అద్దె, తిండి, బీమా. బ్యాంకులో ఏడాదికి సరిపడా డబ్బు చూపించందే అక్కడ ఉండటానికి అనుమతి రాదు. దానికి అప్పు చేయాల్సి వస్తే, ముందు ఇక్కడే ఒక డిగ్రీ చేస్తూ పాట గట్టి చేసుకోమనండి. చెన్నైలో ఏ.ఆర్. రెహమాన్ పెట్టిన కేఎం కన్జర్వేటరీలో పాశ్చాత్య గానం ఉంది. ఇరవై, ఇరవై ఒక్క ఏళ్ళ వయసులో వియన్నా ఆడిషన్‌కు వెళ్ళడం ఆలస్యమేమీ కాదు. మనవాళ్ళు వెళ్ళలేదా అంటే, ముంబైలో పుట్టిన పెట్రీషియా రొజారియో లండన్‌లో సొప్రానోగా, అంటే స్త్రీ గొంతుల్లో పైస్థాయి గాయనిగా, పేరు తెచ్చుకుంది, అక్కడి రాయల్ కాలేజ్ ఆఫ్ మ్యూజిక్‌లో పాఠాలు చెప్పింది, ఇండియాకు వచ్చి ఇక్కడి పిల్లలకూ నేర్పింది. పాడటం, నేర్పడం ఆవిడ జీవితంలో పక్కపక్కనే నడిచాయి.

ఈ నెలలో చేయాల్సినవి చెప్తాను. ఆ పుచ్చీని అరియాను ఆపించండి, అకాడమీ వాళ్ళు ఒప్పుకోకపోతే టీచర్‌ను మార్చండి. పాడాక గొంతు నొప్పి, బొంగురు ఉంటోందా అని అమ్మాయిని నిదానంగా అడగండి, కోప్పడకుండా. ఉంటోందంటే గొంతు సమస్యలు చూసే ఈఎన్‌టీ డాక్టర్‌కు చూపించండి, స్వరతంత్రులను కెమెరాతో చూసే పరీక్ష అయిదు నిమిషాల పని. జర్మన్ మాత్రం రేపే మొదలుపెట్టించండి, హైదరాబాద్‌లో గోథే సెంట్రమ్ ఉంది, భాష రాకుండా అక్కడ పాఠాలూ అర్థం కావు, పాటలూ రావు. ఇంటర్ పరీక్షలు అయ్యాక అపార్ట్‌మెంట్‌లో ఇద్దరు ముగ్గురు చిన్నపిల్లలకు వారానికోసారి పాట నేర్పమనండి, వేసవంతా. తనకు ఆ పని నచ్చుతోందో లేదో అప్పుడు తననే అడిగి, నాకు మళ్ళీ రాయండి.