లా చదివే అమ్మాయి పరిశోధన వైపు వెళ్తానంటే...

ప్రశ్న: మా అమ్మాయి ఐదేళ్ల లా కోర్సులో నాలుగో ఏడాది. కార్పొరేట్ ఫర్మ్ వద్దట. కులం, మతం పేరుతో జరిగే దాడులు, పోలీసుల తీరు, పౌరహక్కుల మీద పరిశోధన చేస్తుందట. ఎల్ఎల్ఎం (లాలో పీజీ) విదేశాల్లో చేయించాలా, ఇక్కడే మేలా? ఇలాంటి వాటిలో దిగితే రేపు సంబంధాలు ఎలా అని టెన్షన్. - ఒక తండ్రి, గుంటూరు

జవాబు: మీ అసలు భయం ఆ చివరి మాటలోనే ఉంది. ఇలాంటి ఉత్తరాలు నాకు చాలా వస్తాయి. అబ్బాయిల విషయంలో ఈ సంబంధాల మాట ఎవరూ ఎత్తరు. అమ్మాయి చదువును ఆ లెక్కతో కొలవకండి.

ముందు ఆ పనేమిటో తెలుసుకోండి. మీకు దగ్గర్లోని చుండూరే చూడండి. 1991 ఆగస్టు 6న అక్కడ ఎనిమిది మంది దళితులను చంపారు. ఆ ఊళ్లోనే పెట్టిన ప్రత్యేక కోర్టు 2007లో 21 మందికి యావజ్జీవ శిక్ష వేసింది. 2014లో హైకోర్టు అందరినీ విడుదల చేసింది. ఒకే ఘటన మీద రెండు తీర్పులు ఇంత దూరం ఎలా పోయాయి? దర్యాప్తులో లోపం ఎక్కడ? భయపడి ఆలస్యంగా నోరు విప్పిన సాక్షి మాటను కోర్టు ఎలా చూడాలి? ఇవి తేల్చేవాళ్లు లేకపోతే తర్వాతి కేసూ అలాగే పోతుంది.

ఇది పోలీసులతో గొడవ కాదు. ఎస్సీ, ఎస్టీలపై అత్యాచారాల నిరోధక చట్టం కింద పెట్టే అట్రాసిటీ కేసును కనీసం డీఎస్పీ స్థాయి అధికారే దర్యాప్తు చేయాలని నిబంధన. అది పాటించారా లేదా అని రికార్డులు చూసి రాయడం నేరమెలా అవుతుంది? నిందితుడి హక్కులూ ఇందులో భాగమే. 2018 మార్చిలో సుప్రీంకోర్టు ఈ చట్టం కింద అరెస్టుకు ముందస్తు అనుమతి ఉండాలంది. అదే ఏడాది పార్లమెంటు 18ఎ సెక్షన్ తెచ్చి ఆ షరతు తీసేసింది. రెండు వైపులా నిజాయితీగా ఆలోచించగలిగితేనే ఈ రంగంలో నిలబడతారు. కాకతీయ విశ్వవిద్యాలయంలో గణితం చెప్పిన బాలగోపాల్ గారు తర్వాత లా చదివి, హైకోర్టులో పౌరహక్కుల కేసులు వాదించారు. మీ అమ్మాయికి ఆ దారి ముందే దొరికింది.

నా అనుమానమంతా విదేశీ ఎల్ఎల్ఎం మీదే. ఏడాది కోర్సుకు లక్షల్లో లోను. అది తీర్చడానికి చివరికి వద్దనుకున్న ఫర్మ్‌లోనే చేరాల్సి వస్తుంది. పైగా అక్కడి హేట్ క్రైమ్ (ద్వేషంతో చేసే నేరాల) చట్టాలు వాళ్ల చరిత్రలోంచి పుట్టినవి. మన పోలీస్ స్టేషన్ ఎలా నడుస్తుందో అవి చెప్పవు. పూర్తి స్కాలర్‌షిప్ వస్తే పంపండి, లేదంటే ఇక్కడే ఎల్ఎల్ఎం, నెట్ (అధ్యాపక అర్హత పరీక్ష), పీహెచ్‌డీ. జీతం ఫర్మ్ కన్నా తక్కువే, కానీ ఉద్యోగం దొరికితే అధ్యాపకురాలిగా గౌరవంగా బతకొచ్చు.

ఇప్పుడు చేయించాల్సింది ఒకటుంది. మన దగ్గర ఎఫ్ఐఆర్‌లు, సాక్షుల వాంగ్మూలాలు ఎక్కువగా తెలుగులోనే ఉంటాయి. ఇంగ్లిష్ మీడియం పిల్లలు అక్కడే తడబడతారు. ఈ సెలవుల్లో జిల్లా కోర్టులో ఒక సీనియర్ దగ్గర చేర్పించి, అవి చదవడం నేర్పించండి.