ఆర్డర్‌లో ‘చెల్లించండి’ అని ఉందా, ‘పరిశీలించండి’ అని ఉందా?

ప్రశ్న: లాయర్ గారికి నమస్కారం. నేను రిటైరైన ప్రభుత్వ ఉద్యోగిని. ఇంక్రిమెంట్ల బకాయి కోసం హైకోర్టులో రిట్ వేస్తే, కాపీ అందిన 8 వారాల్లో తేల్చమని ఆర్డర్ వచ్చింది. నేనే వెళ్లి ఆఫీసులో కాపీ ఇచ్చి పది నెలలైంది. అడిగితే ఒకసారి ఫైలు పైకి వెళ్లిందంటారు, ఇంకోసారి అప్పీలు వేస్తున్నామంటారు. కోర్టు ధిక్కరణ కేసు వేస్తే డబ్బు వస్తుందా? ఆ ఆఫీసర్‌ని జైల్లో పెడతారా?
- ఒక పాఠకుడు

జవాబు: జైలు సంగతి తర్వాత, ముందు ఆ ఆర్డర్ చివరి పేరా తీసి మళ్లీ చదవండి. ‘తేల్చమని’ అని రాశారు చూడండి, నా అనుమానమంతా అక్కడే. బకాయి చెల్లించండి అని ఉంటే, కావాలని చెల్లించకపోవడం ధిక్కరణే. అలా కాక మీ అర్జీ పరిశీలించి తగిన ఉత్తర్వులివ్వండి అని మాత్రమే ఉంటే (చాలా ఆర్డర్లు ఇలాగే ఉంటాయి), కంటెంప్ట్ (ధిక్కరణ) నోటీసు అందగానే ‘పరిశీలించాం, కుదరదు’ అని ఒక కాగితం మీ చేతికొస్తుంది, కోర్టేమో చెప్పిన పని అయింది కదా అని కేసు మూసేస్తుంది. ఆ కాగితం తప్పుల తడకైనా సరే, దాని మీద మళ్లీ రిట్ వేసుకోవాల్సిందే. 1996లో జె.ఎస్. పరిహార్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది ఇదే.

అలాగని కేసు దండగ అనను. నోటీసు వెళ్తే తప్ప కదలని ఫైళ్లు బోలెడు. కానీ గడువు చూసుకోండి. 1971 కోర్టు ధిక్కరణ చట్టం 20వ సెక్షన్ ప్రకారం ధిక్కరణ జరిగిన రోజు (మీ విషయంలో ఆ 8 వారాలు ముగిసిన రోజు) నుంచి ఏడాదిలోపు వేయాలి, అంటే మీ లెక్కన ఇక మిగిలింది నాలుగు నెలల లోపే. కాపీ ఇచ్చినప్పుడు మీ దగ్గరున్న జిరాక్స్ మీద ఆఫీసు ముద్ర, తేదీ వేయించుకున్నారా? లేకపోతే ‘మాకు అందనే లేదు’ అంటారు. ఇప్పుడైనా స్పీడ్ పోస్టులో పంపి రసీదు దాచుకోండి, కాకపోతే దాంతో గడువు మళ్లీ మొదటికొస్తుందని మాత్రం అనుకోకండి.

అప్పీలు వేయడం వేరు, స్టే రావడం వేరు. స్టే లేనంతకాలం ఆర్డర్ అమల్లో ఉన్నట్టే. ఇక ‘వేస్తున్నాం’ అన్న మాటకైతే విలువే లేదు.

శిక్ష అంటారా, ఆరు నెలల వరకు సాధారణ జైలు, లేదా 2,000 రూపాయల వరకు జరిమానా, లేదా రెండూ (ఆ రెండు వేలు 1971 నాటివి, ఇప్పటికీ అంతే!). క్షమాపణ నిజాయతీగా ఉందనిపిస్తే కోర్టు వదిలేయనూ వచ్చు, చాలాసార్లు అదే జరుగుతుంది. ఆయన్ని కోర్టులో నిలబెట్టాలన్న కోరిక కూడా కాస్త తగ్గించుకోండి, అధికారుల్ని మాటిమాటికీ స్వయంగా రప్పించొద్దని 2024 జనవరిలో సుప్రీంకోర్టే చెప్పింది.

ఇంకోటి, ఈ కేసు హోదా మీద కాదు, మనిషి పేరు మీద వేస్తారు. పది నెలల్లో ఆ ఆఫీసర్ బదిలీ అయిపోయి ఉండొచ్చు, ఇప్పుడా కుర్చీలో ఎవరున్నారో కనుక్కుని, ఆయనకీ ఆర్డర్ కాపీతో ఒక లెటర్ ఇచ్చాకే లాయర్ దగ్గరికి వెళ్లండి.