‘ఆదెయోదతుస్’ పేరుకు అర్థం చూపించమంటే చూపించాలా?

ప్రశ్న: మాది గుంటూరు జిల్లా. తరతరాలుగా కతోలిక కుటుంబం. మా బాబు 2024 జనవరిలో పుట్టాడు. ఆ నెలలోనే జననం నమోదైంది గానీ పేరు గడి ఖాళీగా వదిలేశారు. మార్చిలో మా విచారణ గుడిలో (మా ప్రాంత చర్చిలో) జ్ఞానస్నానం (బాప్తిస్మం) ఇప్పించి ‘ఆదెయోదతుస్’ అని పేరు పెట్టుకున్నాం. ఏడాది దాటాక రిజిస్టరులో పేరు చేర్చమని దరఖాస్తు పెడితే, ‘ఇది పేరులా లేదు, దీని అర్థం ఏమిటో కాగితం మీద రాయించుకుని రండి’ అన్నారు. రెండు నెలలు తిప్పి చివరికి చేర్చారు. తీరా ధ్రువపత్రం చూస్తే తెలుగులో ‘అడియో డేటస్’ అని రెండు ముక్కలుగా ఉంది. ఇంగ్లీషులో కూడా రెండు ముక్కలే, పైగా మూడో అక్షరం ‘ఈ’ ఉండాల్సిన చోట ‘ఐ’ పడింది. సరిదిద్దమంటే మళ్లీ అర్థం దగ్గరికే వస్తున్నారు. మా నాన్నగారేమో ‘దేవదానం అని పెట్టుకుంటే ఈ తిప్పలుండేవా’ అంటున్నారు. అర్థం అడిగే అధికారం వాళ్లకు ఉందా? తప్పు ఎలా సరిదిద్దించుకోవాలి? రెండు పేర్ల అర్థం ఒకటే కాబట్టి బడిలో దేవదానం అని రాయించవచ్చా?

జవాబు: మీ మొదటి సందేహానికి సమాధానం సూటిగా చెబుతాను. పేరుకు అర్థం చూపించమని అడిగే అధికారం రిజిస్ట్రారుకు ఏ చట్టమూ ఇవ్వలేదు. జనన మరణాల నమోదు చట్టం, 1969లోని 14వ సెక్షన్, పేరు లేకుండా జననం నమోదైనప్పుడు తల్లి గానీ తండ్రి గానీ సంరక్షకుడు గానీ ఆ తర్వాత నోటిమాటగానో రాతపూర్వకంగానో పేరు తెలియజేయాలని, తెలియజేసిన మీదట రిజిస్ట్రారు ఆ పేరును రిజిస్టరులో చేర్చి, పొడి సంతకం చేసి, తేదీ వేయాలని చెబుతుంది. చేర్చవచ్చు అని అక్కడ లేదు, చేర్చాలి అనే ఉంది. పేరు ఏ భాషదై ఉండాలి, ఎన్ని అక్షరాలుండాలి, దానికి అర్థం ఉండాలా అన్న ముచ్చటే ఆ సెక్షన్లో రాదు. నిబంధనల ప్రకారం నమోదైన నాటి నుంచి 12 నెలల లోపు పేరు చేర్చడానికి రుసుము ఉండదు, ఆ తర్వాత 15 ఏళ్ల వరకు ఆలస్య రుసుము కట్టి చేర్పించుకోవచ్చు. మీరు ఏడాది దాటాక వెళ్లారు కనుక రుసుము కట్టించుకోవడం న్యాయమే. రెండు నెలలు తిప్పడం మాత్రం న్యాయం కాదు.

కొన్ని దేశాల్లో వేరే పద్ధతి ఉంది. ఫ్రాన్సులో 1803 నాటి చట్టం పంచాంగంలోని పేర్లకూ ప్రాచీన చరిత్రలోని పేర్లకూ మాత్రమే అనుమతినిచ్చేది, 1993లో గానీ ఆ కట్టుబాటు పూర్తిగా పోలేదు. ఐస్‌లాండులో ఈనాటికీ కొత్త పేరుకు ఒక సంఘం ఆమోదం కావాలి. మన దేశంలో అలాంటి జాబితా గానీ సంఘం గానీ లేవు. పైగా 2021 జూన్ 3న సీబీఎస్‌ఈ ధ్రువపత్రాల్లో పేరు మార్పులకు సంబంధించిన వ్యాజ్యాల్లో జస్టిస్ ఖాన్విల్కర్ నేతృత్వంలోని సుప్రీంకోర్టు ధర్మాసనం, మనిషి తన పేరు మీద అదుపు కలిగి ఉండటం రాజ్యాంగంలోని 19(1)(ఎ) అధికరణ ఇచ్చిన భావ ప్రకటన స్వేచ్ఛలో భాగమని తేల్చి చెప్పింది. పసివాడికి ఆ స్వేచ్ఛను ప్రస్తుతానికి మీరిద్దరే వినియోగిస్తున్నారు.

అర్థం చూపించనక్కర్లేదన్నానని ఆ అర్థాన్ని పక్కన పెట్టేయమని చెప్పడం లేదు. మీ రెండో సందేహం దగ్గర అదే మీకు అక్కరకు వస్తుంది, అందుకే కాస్త వివరంగా రాస్తున్నాను.

ఆదెయోదతుస్ లాటిన్ పేరు. ‘ఆ’ అంటే చేత, ‘దెయో’ అంటే దేవుని, ‘దతుస్’ అంటే ఇవ్వబడినవాడు. దేవుని చేత ఇవ్వబడినవాడు అని మొత్తం అర్థం. లాటిన్ ‘దెఉస్’, సంస్కృత ‘దేవ’ ఒకే మూలం నుంచి వచ్చిన మాటలని, అలాగే ‘దతుస్’, ‘దత్త’ రెండూ ఇవ్వడం అనే ఒకే ధాతువు నుంచి పుట్టాయని భాషాశాస్త్రజ్ఞులు ఏకాభిప్రాయంతో చెబుతారు. కనుక మీ బాబు పేరుకు మన వైపు తోబుట్టువు ‘దేవదత్త’. లాటిన్లో ‘ద’ హ్రస్వమే కాబట్టి మీరు రాసిన ‘దతుస్’ ఉచ్చారణకు కూడా దగ్గరగా ఉంది. ‘డేటస్’ అనేది ఇంగ్లీషు మీదుగా వచ్చిన పలుకు.

ఈ పేరుగల వారిలో అందరికంటే ప్రసిద్ధుడు తొలినాటి క్రైస్తవ వేదాంతి పునీత అగుస్తీను కుమారుడు. క్రీ.శ. 372 ప్రాంతంలో ఉత్తర ఆఫ్రికాలో పుట్టాడు. 387 పాస్కా (ఈస్టర్) పండుగనాడు మిలాను నగరంలో అక్కడి పీఠాధిపతి పునీత అంబ్రోసు చేతుల మీదుగా తండ్రీకొడుకులిద్దరూ కలిసి జ్ఞానస్నానం పొందారు. ఆఫ్రికాకు తిరిగి వచ్చాక ఇద్దరి మధ్య సంభాషణగా అగుస్తీను ఒక చిన్న గ్రంథం రాశాడు. మాటలు వస్తువులను ఎలా సూచిస్తాయి, మాటల వల్ల మనం నిజంగా ఏమైనా నేర్చుకుంటామా అన్నది అందులోని చర్చ. అందులో కొడుకు నోట పలికించిన ఆలోచనలన్నీ పదహారేళ్ల వయసులో ఆ కుర్రవాడు నిజంగా చేసినవేనని, అతని బుద్ధికి తనకే భయం వేసేదని తండ్రి తర్వాత రాసుకున్నాడు. ఆ పిల్లవాడు ఎంతో కాలం బతకలేదు. అతని తల్లికి అగుస్తీనుతో వివాహం జరగలేదని విని మీ బంధువుల్లో ఎవరైనా పేరును ఆక్షేపిస్తే బాధపడకండి. ఏడో శతాబ్దంలో ఇద్దరు పోపులు ఇదే పేరుతో ఉన్నారు, మొదటివారు 615 నుంచి 618 వరకు, రెండోవారు 672 నుంచి 676 వరకు.

ఆనాటి ఉత్తర ఆఫ్రికాలో ఇలాంటి పేర్లు కొత్తేమీ కాదు. కార్తేజి పీఠాధిపతుల్లో ‘దేవునికి కృతజ్ఞత’ అనే అర్థమున్న దెయోగ్రాతియాస్, ‘దేవుడు సంకల్పించినది’ అనే అర్థమున్న క్వోద్వుల్త్‌దెఉస్ ఉన్నారు. ఆ నేలమీద అంతకుముందే కార్తేజివారి ప్యూనిక్ భాషలో ‘బాల్ దేవుడు ఇచ్చినవాడు’ అనే అర్థంతో పేర్లు ఉండేవి. కార్తేజి సేనాని హన్నిబాల్ పేరులోని బాల్ కూడా ఆ దేవుడే. స్థానికంగా ఉన్న పేరు భావాన్ని లాటిన్లోకి తెచ్చుకుని క్రైస్తవులు పెట్టుకున్నారన్నమాట.

మీ కుటుంబానికి ఈ పద్ధతి తెలియనిది కాదు. లాటిన్లో పేత్రుస్ అంటే రాయి. తమిళనాట నుంచి మన కతోలికులకు వచ్చిన ‘రాయప్ప’ ఆ పేరుకు అనువాదమే. పౌలుస్ అంటే చిన్నవాడు, అందుకే ‘చిన్నప్ప’. ఇగ్నాతియుస్ నోటికి తిరగక ఇన్నాసి, ఇన్నయ్య అయ్యాడు, జేవియరు శౌరి అయ్యాడు. మీ నాన్నగారు దేవదానం అని ప్రతిపాదించడంలో ఆశ్చర్యమేమీ లేదు, ఆయన తన పూర్వులు చేసిన పనే చేస్తున్నారు.

ఇక చట్టం సంగతి. అర్థం ఒకటే కనుక రెండు పేర్లూ ఒకటే అనే వాదన ఇంట్లో చెల్లుతుంది, రికార్డుల్లో చెల్లదు. వేదాంత గ్రంథాల్లో ‘సోఽయం దేవదత్తః’ అని ఒక ఉదాహరణ తరచుగా కనిపిస్తుంది. అప్పుడెప్పుడో అక్కడ చూసిన ఆ దేవదత్తుడే ఇక్కడున్న ఈ దేవదత్తుడు అని గుర్తుపట్టడం. కోర్టులో దాన్నే సాక్ష్యంతో నిరూపించాలి, ఆ నిరూపణ ఎంత భారమో నేను దగ్గర నుంచి చూశాను. ఒక భాగపంపిణీ దావాలో మా కక్షిదారు తాతగారి పేరు జ్ఞానస్నాన పుస్తకంలో లాటిన్లో ‘ఫ్రాన్సిస్కుస్ క్సవేరియుస్’ అని ఉంది, క్రయ దస్తావేజులో ‘శౌరయ్య’, రేషన్ కార్డులో ‘ఫ్రాన్సిస్’. శౌరి అన్నది విష్ణువు పేరు కూడా కావడంతో, దస్తావేజులోని శౌరయ్య వేరే మతానికి చెందిన వేరే మనిషని ప్రతివాదుల తరఫు న్యాయవాది గట్టిగా వాదించారు. చివరికి విచారణ గురువులు (ఆ చర్చి ఫాదరు) తెల్లటి గుడ్డలో చుట్టిన ఆ పాత పుస్తకాన్ని పట్టుకుని బోనెక్కాల్సి వచ్చింది. సిరా గోధుమరంగుకు తిరిగిన ఆ పేజీని న్యాయమూర్తి కళ్లజోడు సవరించుకుని చదివిన తీరు నాకు ఇంకా కళ్లముందే ఉంది. దావా గెలిచాం. కానీ ఒకే మనిషికి మూడు పేర్లుండటం వల్ల ఆ కుటుంబానికి నాలుగేళ్లు ఖర్చయ్యాయి.

అందుకే బడిలో దేవదానం అని రాయించవద్దని నా గట్టి సలహా. ఇంట్లో మీ నాన్నగారు నిరభ్యంతరంగా అలా పిలుచుకోవచ్చు. జనన ధ్రువపత్రంలో ఒక పేరు, బడి రికార్డులో మరొక పేరు ఉంటే పదో తరగతి మెమో దగ్గర మొదలై పాస్‌పోర్టు, ఉద్యోగం, వారసత్వం దాకా ఆ తేడా మీ అబ్బాయిని వెంటాడుతుంది. ఒకవేళ దేవదానం కూడా రికార్డులోకి ఎక్కాలని మీరు కోరుకుంటే, మొదటిసారి పేరు చేర్చేటప్పుడే ‘ఆదెయోదతుస్ దేవదానం’ అని ఇచ్చి ఉంటే సులువయ్యేది. ఇప్పుడు దాన్ని ప్రస్తావించకండి, ఎందుకో చెబుతాను.

మీ కేసులో జరిగింది తప్పు నమోదు. దాన్ని సవరణగానే అడగాలి, పేరు మార్పుగా అడగకూడదు. ఈ రెంటికీ చట్టంలో చాలా దూరం ఉంది. 15వ సెక్షన్ ప్రకారం రిజిస్టరులోని ఏదైనా నమోదు రూపంలో గానీ సారాంశంలో గానీ తప్పని రుజువైతే, రిజిస్ట్రారు అసలు రాతను చెరపకుండా, మార్జిన్లో సరైన నమోదు రాసి, సంతకం చేసి, తేదీ వేయవచ్చు. రాతపొరపాటయితే రిజిస్ట్రారు తాను సంతృప్తి చెందితే చాలు. సారాంశంలో తప్పు అని చూపించాల్సి వస్తే, వాస్తవం తెలిసిన ఇద్దరు నమ్మదగిన వ్యక్తుల ప్రకటన కావాలి. దరఖాస్తులో దేవదానం కూడా కలిపితే మీరు తప్పు సరిదిద్దమంటున్నారా, కొత్త పేరు పెట్టమంటున్నారా అన్న అనుమానానికి మీరే తావిచ్చినట్లవుతుంది.

దరఖాస్తును తల్లిదండ్రులిద్దరూ సంతకం చేసి ఇవ్వండి. మొదటి నుంచీ మీరు ఇచ్చిన పేరు ఏదో చూపే కాగితాలు జత చేయండి. పేరు చేర్చమని మీరు పెట్టుకున్న దరఖాస్తు నకలు, దాని రసీదు అన్నింటికంటే బలమైనవి, ఎందుకంటే తప్పు ఎవరి చేతిలో జరిగిందో అవే చెబుతాయి. వాటి తర్వాత 2024 మార్చి నాటి జ్ఞానస్నాన ధ్రువపత్రం. అది జనన ధ్రువపత్రానికి బదులు కాలేదు గానీ, ఈ పేరు మీరు నిన్నమొన్న మార్చుకున్నది కాదని చూపడానికి మంచి ఆధారం. బాబు జ్ఞానస్నాన తల్లిదండ్రులు అక్కడే ఉండి పేరు విన్నవారు కనుక ఆ ఇద్దరి ప్రకటననే జతచేయించండి. దరఖాస్తులో ఇంగ్లీషు అక్షరాలను విడివిడిగా రాయండి: ఏ, డీ, ఈ, ఓ, డీ, ఏ, టీ, యూ, ఎస్. తొమ్మిది అక్షరాలు, మధ్యలో ఖాళీ లేదు అని మాటల్లో కూడా రాయండి. తెలుగు గడిలో ఏ రూపం ఉండాలో మీరే నిర్ణయించి స్పష్టంగా ఇవ్వండి, లేకపోతే ఇంగ్లీషు చూసి కంప్యూటరు దగ్గరున్నవారు తమకు తోచినట్లు పలికించి కొడతారు.

పేరు అర్థం మీకు పనికివచ్చేది ఇక్కడే. ఎవరూ అడగకపోయినా ఒక చిన్న పేరాలో వివరణ ఇవ్వండి. వాక్యంగా చూస్తే అది మూడు మాటలే, కానీ పేరుగా పదహారు వందల ఏళ్లకు పైగా ఒకే పదంగా రాస్తున్నారని, ‘దెయో’లోని ‘ఈ’ అక్షరం దేవుడనే మాటలోనిదని, ‘అడియో’ అనే రూపం ఆ పేరుకు చెందదని రాయండి. ఇది అనుమతి కోసం ఇచ్చే సంజాయిషీ కాదు, పడిన రాత తప్పని రుజువు చేసే సాక్ష్యం. ఆ మధ్య ఖాళీని చిన్న విషయమని వదిలేయకండి. పాస్‌పోర్టు దరఖాస్తులో రెండో ముక్క ఇంటిపేరు గడిలో పడితే మీ బాబు ‘డేటస్’ అనే ఇంటిపేరుగల కుటుంబం పిల్లవాడవుతాడు.

నోటిమాటగా తిరస్కరిస్తే ఊరుకోకండి. దరఖాస్తును స్పీడ్ పోస్టులో పంపి రసీదు దాచుకోండి, రాతపూర్వక ఉత్తర్వు కోరండి. 2023 సవరణతో చేరిన 25ఎ సెక్షన్ ప్రకారం రిజిస్ట్రారు ఉత్తర్వు అందిన 30 రోజుల లోపు జిల్లా రిజిస్ట్రారుకు అప్పీలు చేసుకోవచ్చు, ఆ అప్పీలును 90 రోజుల్లో తేల్చాలి. అక్కడా న్యాయం జరగకపోతే చీఫ్ రిజిస్ట్రారు ఉన్నారు, ఆఖరున అమరావతిలోని హైకోర్టులో 226వ అధికరణ కింద రిట్ ఉంది. మీ విషయం అంతదాకా వెళ్లవలసిన అవసరం నాకు కనిపించడం లేదు.

ఈ తొందర ఎందుకంటే, అదే సవరణ 2023 అక్టోబరు 1న అమల్లోకి వచ్చింది. ఆ తేదీన గానీ ఆ తర్వాత గానీ పుట్టినవారికి బడిలో చేరిక, డ్రైవింగ్ లైసెన్సు, ఓటరు జాబితా, వివాహ నమోదు, ప్రభుత్వ ఉద్యోగం, పాస్‌పోర్టు, ఆధార్ వంటి వాటికి పుట్టిన తేదీ, స్థలం రుజువు చేసే పత్రం జనన ధ్రువపత్రం ఒక్కటే. 2024 జనవరిలో పుట్టిన మీ బాబు ఆ కోవలోకే వస్తాడు. ధ్రువపత్రంలో ఏ పేరుంటే మిగతా కాగితాలన్నింట్లో ఆ పేరే దిగుతుంది. అందుచేత సవరించిన ధ్రువపత్రం చేతికి వచ్చేదాకా బాబుకు ఆధార్ తీయించకండి. ఆధార్‌లో పేరు సవరణకు జీవితకాలంలో రెండే అవకాశాలు ఉన్నాయి, అందులో ఒకటి మరొకరి పొరపాటుకు ఖర్చుచేయడం ఎందుకు? ఇప్పటికే తీయించి ఉంటే మాత్రం, ధ్రువపత్రం సరయిన వెంటనే దాన్ని చూపించి ఒక్కసారిలో తెలుగు, ఇంగ్లీషు రూపాలు రెండింటినీ సరిచేయించండి.