కిక్యోని తిట్టే ముందు

బుజ్జీ,

రాత్రి పదకొండున్నరకి "పిన్నీ, ఆ కిక్యో పీడ ఎప్పుడు విరగడవుతుంది?" అని మెసేజ్ పెట్టావంటే ఇనుయాష అనే ఆ జపాన్ బొమ్మల కథ (మాంగా) నిన్ను గట్టిగానే పట్టుకుందన్నమాట. ఎప్పుడో చెప్పను, అసలు విరగడవుతుందో లేదో కూడా చెప్పను. కానీ ఆ కథని మొదటినుంచి చివరిదాకా మూడుసార్లు చదివినదాన్ని కాబట్టి ఎలా చదవాలో మాత్రం చెప్తాను.

ముందు ఆ రీల్స్‌లో ముక్కలు చూడటం ఆపు. రుమికో తకహాషి ఈ కథని 1996 నవంబరు నుంచి 2008 జూన్ దాకా వారం వారం పత్రికలో వేసింది. మొత్తం 558 అధ్యాయాలు, 56 పుస్తకాలు. మన అమ్మమ్మ వారపత్రిక సీరియల్ కోసం ఎదురుచూసేది చూడు, అలా చదవాల్సిన సరుకు ఇది. నువ్వు ఒక్క రాత్రిలో నలభై అధ్యాయాలు మింగేసి, విలన్ నరాకు మళ్ళీ తప్పించుకున్నాడేంటని విసుక్కుంటే తప్పు కథది కాదు. రోజుకి ఐదారు చాలు. యుద్ధాలు గబగబా తిప్పేసినా నేనేమీ అనను (నేనూ తిప్పేస్తాను). యుద్ధం అయ్యాక మంట చుట్టూ కూర్చుని కొట్లాడుకునే పేజీలు, ఈ కాలం నుంచి బావిలోంచి పాతకాలపు జపాన్‌కి వెళ్ళే స్కూలుపిల్ల కగోమె బ్యాగులోంచి నూడుల్స్ తీసి పెట్టే పేజీలు మాత్రం వదలకు.

పుస్తకం కొనేటప్పుడు జాగ్రత్త. ఇంగ్లీషులో మొదటి 37 పుస్తకాలకి బొమ్మల్ని అద్దంలో చూసినట్టు తిప్పేసి, ఎడమ నుంచి కుడికి చదివేలా వేశారు. 38 నుంచే జపాన్ పద్ధతిలో కుడి నుంచి ఎడమకి వచ్చాయి. నేను పాతవి సెకండ్ హ్యాండ్‌లో చదివి, వాళ్ళతో తిరిగే సన్యాసి మిరోకు చేతిలో అన్నిటినీ లాగేసుకునే ఆ గాలిసుడి ఎడమ అరచేతిలో ఉంటుందని ఒక ఫ్రెండ్‌తో పందెం కాసి ఓడిపోయాను, అది కుడిచెయ్యి. తర్వాత మూడేసి పుస్తకాలు కలిపి వేసిన లావు వాటిలో బొమ్మలు సరిగ్గా ఉంటాయి, అవే తీసుకో, 18 ఉంటాయి. రెండు రోజులు కళ్ళు తికమకపడతాయి, తర్వాత తెలుగు పుస్తకం కూడా వెనకనుంచి తెరుస్తావు.

ఇంకోటి, యోకై అంటే జపాన్ జానపద కథల్లోని మాయాజీవులు, ఆ మాట వచ్చినచోటల్లా మనసులో రాక్షసుడు అని అనువదించుకోకు. దెయ్యం అనీ కాదు. నక్క యోకై అవుతుంది, వందేళ్ళు వాడి పారేసిన గొడుగు కూడా అవుతుంది. వాళ్ళలో మంచీ చెడూ మనుషుల్లో ఉన్నట్టే కలిసి ఉంటాయి. తోడేలు యోకైల నాయకుడు కోగా పెంచే తోడేళ్ళు రిన్ అనే చిన్నపిల్లని చంపేస్తాయి, ఆ కోగానే తర్వాత కగోమె వెంటపడి మనల్ని నవ్విస్తాడు. మనుషుల్ని పురుగుల్లా చూసే సెష్షోమారు (ఇనుయాషకి సవతి అన్న) ఆ పిల్లని బతికించి వెంట తిప్పుకుంటాడు. ఎవరిని క్షమించాలో తకహాషి మనకి చెప్పదు, మనమే తేల్చుకోవాలి.

ఇక కిక్యో, కగోమె కన్నా ముందు కథానాయకుడు ఇనుయాష ప్రేమించిన అమ్మాయి. నువ్వు ఆమెని సవతి కళ్ళతో చూస్తున్నావు బుజ్జీ, నీ వయసులో నేనూ అంతే. ఒకసారి ఆమె వైపు నిలబడి చూడు. కోరికలు తీర్చే ఒక మాయ మణిని కాపాడే పూజారిణిగా బతికింది, దాన్ని వదిలించుకుని మామూలు ఆడపిల్లలా ఇనుయాషతో ఉందామనుకున్న రోజే నరాకు ఇనుయాష వేషంలో వచ్చి గోళ్ళతో చీల్చాడు. ఇనుయాషే మోసం చేశాడనుకుని, అతన్ని బాణంతో చెట్టుకి గుచ్చి, చచ్చిపోయింది. యాభై ఏళ్ళ తర్వాత ఒక మంత్రగత్తె ఆమె బూడిదని మట్టిలో కలిపి బొమ్మ చేసి లేపింది. ఆమె పోయినప్పుడు చిన్నపిల్లగా ఉన్న చెల్లెలు కయెదె ఇప్పుడు ఒంటికన్ను ముసలమ్మ, అక్క మాత్రం పోయిన రోజు వయసులోనే ఉంది. ఆ అక్కచెల్లెళ్ళు ఎదురుపడే పేజీ దగ్గర ఆగు, డైలాగులు వదిలేసి మొహాలు చూడు. పైగా కిక్యోనే మళ్ళీ కగోమెగా పుట్టింది కదా, ఆ మట్టి బొమ్మలో కొట్టుకుంటున్నది కగోమె ఆత్మలో ముక్కే. ఇద్దరిలో ఎవరిని తిట్టినా రెండోవాళ్ళకీ తగులుతుంది.

దాదాపు మూడోవంతు కథ అయ్యాక, ఇనుయాష కిక్యోని పట్టుకుని ఉండటం కగోమె చూసేస్తుంది. ఇంటికెళ్ళిపోతుంది. తర్వాత మళ్ళీ బావి దాటి వచ్చి, నీ పక్కన ఉండొచ్చా అని అడుగుతుంది, అంతే. కిక్యోని వదిలెయ్ అనదు. నాకు పదిహేడేళ్ళప్పుడు ఆ పేజీ చదివి పిచ్చి పిల్ల అనుకున్నాను, ముప్పై దాటాక చదివితే నోట మాట రాలేదు. నీకేమనిపిస్తుందో నాకు తెలియదు, చదివిన రోజే ఫోన్ చెయ్, ఎంత రాత్రయినా సరే.

మొదటి లావు పుస్తకం మీ అమ్మ చేత పంపిస్తున్నాను. పేజీలు మడతపెట్టకు, తింటూ చదవకు. రెండోది కావాలంటే ఇది వెనక్కి రావాలి.

పిన్ని