పేద ఇళ్ళల్లో కూరగాయలు తక్కువ తినేది తెలియకేనా?

డబ్బు లేని ఇళ్ళల్లో పళ్ళూ కూరగాయలూ తక్కువ, బిస్కెట్లూ చిప్సూ ఎక్కువ ఎందుకు, అవగాహన లేకేనా అని అడిగారు. మా ఇంటి సంగతి చెప్తాను.

మాది ఏ రోజు కూలితో ఆ రోజు సరుకులు తెచ్చుకున్న ఇల్లు. ఫ్రిజ్ లేదు. పళ్ళు మంచివని అమ్మకి తెలియక కాదు, మాకు జ్వరమొస్తే మొదట తెచ్చేది పండే. కానీ ఎప్పుడూ వండని కూర తెస్తే మేం ముగ్గురం ముట్టుకోకపోవచ్చు. అప్పుడు పోయేది కూర ఒక్కటే కాదు, ఆ పూట తిండి. బదులు పెట్టడానికి ఇంట్లో ఇంకేమీ ఉండదు. కొత్త రుచి పిల్లలకి అలవాటు కావాలంటే 8–10 సార్లు పెట్టి చూడాలని పోషకాహార నిపుణులు చెప్తారు. నిజమే. ఏడుసార్లు పారేసే స్తోమత ఉన్నవాళ్ళకి బాగానే ఉంటుంది ఆ సలహా. బిస్కెట్ ప్యాకెట్‌తో ఆ టెన్షన్ లేదు. పిల్లలు తింటారు, పాడవదు.

ఇంకోటి అప్పు. చేతిలో డబ్బు లేని రోజు ఖాతా రాసుకుని ఇచ్చేది ప్యాకెట్ సరుకుల కొట్టువాడే. కూరగాయలకి అప్పటికప్పుడు డబ్బు పెట్టాలి.

ధర సమస్యే కాదని అనడం లేదు. 2022లో ప్రపంచంలో 280 కోట్ల మందికి పైగా పోషకాహారం కొనే స్తోమత లేదని ఐక్యరాజ్యసమితి సంస్థలు 2024 నివేదికలో లెక్కగట్టాయి. అయితే దగ్గర్లో మంచి దుకాణం పెడితే సరిపోతుందన్న మాట నేను నమ్మను. అమెరికాలో ఆర్థికవేత్తలు ఇదే పరిశీలించారు. ఉన్నవాళ్ళకి దొరికే సరుకులే, అవే ధరలకి పేదలకి దొరికినా ఇద్దరి తిండి నాణ్యతలో తేడా సుమారు 10 శాతమే తగ్గుతుందని 2019లో అచ్చయిన ఆ అధ్యయనం చెప్పింది. దాన్ని చూపించి "వాళ్ళ అలవాట్లే అంత" అనేవాళ్ళున్నారు. ఆ అలవాటు వెనక మా అమ్మ వేసిన లాంటి లెక్క ఎంతుందో వాళ్ళు ఆలోచించరు.

మా ఇంట్లో కాస్త మార్పు వచ్చింది బడిలో పెట్టిన భోజనం వల్ల. అక్కడ వదిలేసినా అమ్మకి నష్టం లేదు కదా. మొదట్లో పక్కకి నెట్టేసిన కూరనే కొన్ని వారాలకి ఇంట్లో కూడా వండమని అడిగాను. మర్నాడే తెచ్చింది.