కాలం నేసే ఇంట్లో ఆసు ఎవరు పోస్తున్నారు?

బిడ్డా,

నీ కథ చేరింది. మబ్బుల మీద ఊరు, వెండి మగ్గం, దాని మీద కాలాన్ని నేసే ముసలాయన: ఊహ బాగుంది. తెగిన పోగును ఆయన చీకట్లో వేళ్లతో వెతుక్కుని ముడివేసే చోట నా కళ్లు తడిశాయి. ఆ పేరా జోలికి పోకు, అట్లాగే ఉంచు. కానీ ఆ తర్వాతి పేజీలో ఆయన భార్య అన్నం గిన్నె తెచ్చి గుమ్మంలో పెట్టి, మగ్గం వైపు వింతగా చూసి వెళ్లిపోతుంది. కథ మొత్తంలో ఆమెకున్న పని అంతే. అది చదివి కోపం పట్టలేక ఈ ఉత్తరం రాస్తున్నాను.

మగ్గమున్న ఏ ఇంట్లో ఆడమనిషి మగ్గాన్ని వింతగా చూస్తుంది? మా అమ్మ ఆసు పోసేది, అంటే నేతకు ముందు నూలును మేకుల చుట్టూ తిప్పి వరుసలుగా పోసేది. పోచంపల్లి, పుట్టపాక వైపు అప్పట్లో ఏ నేత ఇంటికి పోయినా కనిపించిన పనే అది. ఒక పక్క ఒకే మేకు, ఎదురుగా అర్ధచంద్రంలా వరుసగా మేకులు. పేక నూలు, అంటే గుడ్డలో అడ్డంగా పడే పోగు, చేత్తో పట్టుకుని ఇటు నుంచి అటు, అటు నుంచి ఇటు. ఒక్క చీరకు దాదాపు తొమ్మిది వేల సార్లు చెయ్యి అట్లా తిరగాలి. ఆ పోగులను కట్లు కట్టి రంగులద్ది, కండెలకు చుట్టిస్తే తప్ప మగ్గం మీద కూర్చున్నవాడి చేతికి నాడె, అంటే పేకను అటూ ఇటూ నడిపే పనిముట్టు, రాదు. రాత్రి పూట అమ్మ కుడి చెయ్యి పైకెత్తలేక ఎడమ చేత్తో జడ వేసుకునేది. నేత కుటుంబంలో పుట్టిన చింతకింది మల్లేశం గారు ఈ పని చేసిపెట్టే ఆసు యంత్రం తయారుచేసింది వాళ్లమ్మ భుజాల నొప్పి చూడలేకనే. 1999లో అది పనిచేసింది. దానికి ఆ తల్లి పేరే పెట్టారు, లక్ష్మీ ఆసు యంత్రమని. 2017లో ఆయనకు పద్మశ్రీ వచ్చింది. మరి నీ మబ్బుల ఊళ్లో రాజుగారికి రాత్రికి రాత్రి ఒక ఏడాది ఆయుష్షు నేసిచ్చారే, ఆ ఏడాదికి సరిపడా పేక ఎవరు చుట్టారు? ఎవరి భుజం విరిగింది?

ఇది కల్పిత లోకం కదా, అక్కడ ఈ లెక్కలెందుకని నువ్వు అడగొచ్చు. అక్కడే ఎక్కువ కావాలి. మాయ పనిలోంచి పుట్టాలి. పని తెలియకుండా రాసిన మాయను నేను ఒక్క పేజీ కూడా నమ్మను. నీ ముసలాయన గుడ్డ మధ్యలోంచి ఒక పోగు లాగేస్తే పాత యుద్ధం జరగనట్టు మాసిపోయింది. మధ్యలో పోగు లాగితే గుడ్డ ముడుచుకుపోతుంది బిడ్డా. తప్పు దిద్దాలంటే నేసిన చివర నుంచి ఒక్కొక్క పేక విప్పుకుంటూ వెనక్కి రావాలి. ఆ రాపిడికి పడుగు పోగులు, అంటే నిలువు పోగులు, నలిగి, కొన్ని తెగుతాయి కూడా. అంటే యుద్ధాన్ని చెరపాలంటే దాని తర్వాత జరిగినవన్నీ విప్పాలి. పెళ్లిళ్లు, పంటలు, ఆ ముసలాయన మనవరాలు పుట్టిన రోజు. విప్పుతాడా? నీ కథ అక్కడుంది. నువ్వు దాన్ని ఒక్క వాక్యంలో దాటేశావు.

ఇంకొకటి. ఆయన లోకం పుట్టిన నాడు ఖాళీ మగ్గం మీద మొదలుపెట్టాడని రాశావు. మా ఇళ్లలో మగ్గం అట్లా ఖాళీ కాదు. పాత పడుగు అయిపోయాక కొసలు అచ్చులోనే, అంటే పడుగు పోగులు దూరే దువ్వెన లాంటి దానిలోనే, ఉంచి, కొత్త పడుగు పోగులను వాటికి ఒక్కొక్కటే బూడిద అద్దిన వేళ్లతో మెలిపెట్టి అతుకుతారు. వేల పోగులు, గంటల తరబడి. చిన్నప్పుడు ఆ బూడిద గిన్నె పట్టుకుని నేను కూర్చునేవాణ్ణి. కాలం నేసేవాడు తన పడుగును ఎవరి కొసలకు అతికాడు? అంతకు ముందు ఆ మగ్గం గుంటలో కాళ్లు పెట్టుకుని కూర్చున్నదెవరు?

మన దగ్గర ఈ ఊహ కొత్తదేం కాదు. ఆదిపర్వంలో ఉదంకుడు పోయిన కుండలాల కోసం నాగలోకానికి దిగుతాడు. అక్కడ ఇద్దరు స్త్రీలు తెల్ల దారాలు, నల్ల దారాలు కలిపి నేస్తుంటారు. ఆరుగురు కుమారులు పన్నెండు ఆకుల (చువ్వల) చక్రం తిప్పుతుంటారు. ఆ దారాలు పగళ్లూ రాత్రులూ, ఆ కుమారులు ఋతువులూ అని తర్వాత గురువు విప్పి చెప్తాడు. చూడు, నేసేది ఆడవాళ్లు. చక్రం తిప్పడానికి వేరే చేతులున్నాయి. ఆ కథ చెప్పినవాళ్లకు నేత ఒక్కడి పని కాదని తెలుసు.

నేను ప్రెస్సులో ప్రూఫులు దిద్దుకుంటూ రాత్రిళ్లు రాసుకునే రోజుల్లో ఆసు పోసే ఆమె మీద కథ రాసి ఒక వారపత్రికకు పంపాను. "ఈ మగ్గం గోల పాఠకుడికెందుకు, ప్రేమ పెట్టండి" అని ఎర్ర సిరాతో రాసి తిప్పి పంపారు. ఆ ఎడిటర్ గారు పోచంపల్లి చీర కట్టిన అమ్మాయి బొమ్మను ముఖచిత్రంగా వేసిన వారంలోనే అది నా చేతికొచ్చింది. ఇన్నేళ్లయినా ఆ మంట ఆరలేదు. ఇప్పటి ప్రచురణకర్తలకు జోస్యం, దైవం ఎంచుకున్న రాకుమారుడు, మూడు భాగాలు కావాలి. నీ కథలో కూడా చివర ఎక్కడినుంచో ఒక రాకుమారుడు దిగాడు. ఎవరో చెప్తే పెట్టినట్టుంది. తీసెయ్యి.

వాడి బదులు కూలి సంగతి రాయి. ఆ ముసలాయనకు నూలు ఇచ్చేదెవరు? నేసిన కాలం ఎవరి కొట్లోకి పోతుంది? వానాకాలం గుంటలోకి నీళ్లూరితే పని ఆగుతుంది కదా, ఆ నెల ఇంట్లో ఏం తింటారు? అందరికీ ఏళ్లు నేసిచ్చే ఇంటికి తనకంటూ ఒక తీరిక పూట మిగులుతుందా? రాజు ఆయుష్షు తీసుకుని కంఠహారం ఇచ్చాడని రాశావు. కంఠహారం వద్దు. ఎంత కూలి కట్టాడో, అందులో పాత అప్పు కింద ఎంత పట్టుకున్నాడో రాయి.

కలం పేరు గురించి, పోటీల గురించి అడిగావు. అవి తర్వాత చూద్దాం. ముందు పోచంపల్లి పోయి, అచ్చు అతికే ఇంట్లో ఒక పూట కూర్చుని రా. అక్కడ ప్రశ్నలడిగి వాళ్ల పని ఆపకు. బూడిద గిన్నె పట్టుకోమంటే పట్టుకో. తిరగరాసింది కాగితం మీదే పంపు, ఫోన్‌లో నా కళ్లకు ఆనడం లేదు.

ఆశీస్సులతో.